నడిసంద్రపు దీపానికి కొట్టిన కొబ్బరికాయలు

ఒక హత్యకు నేను కొబ్బరికాయ కొట్టించాను. ఒక్కటి కాదు, అధ్యాయానికొకటి. పోలీసులకు ఫోన్ చెయ్యకండి, హత్య పుస్తకంలోనిదే. కానీ ఆ పుస్తకం వల్ల నేను పడ్డ చెమటలు పోగుచేస్తే, మా పోర్టులో మరో ఓడ నిలిచే బెర్తుకి సరిపడా నీళ్ళయ్యేవి.

మాది గోదావరి జిల్లా. పోర్టులో గుమాస్తా ఉద్యోగం వచ్చి విశాఖ చేరినప్పుడు, ఫిషింగ్ హార్బర్ దగ్గర నూకాలమ్మ గారి మేడమీద గది అద్దెకు తీసుకున్నాను. నెల తిరక్కుండానే ఆవిడ నాకు అత్తయింది. బోటు మీద వేటకెళ్ళే ఆవిడ కొడుకు ఎర్రన్న నన్ను మొదటి రోజే "బావా" అన్నాడు. వాడి భార్య గౌరి చెల్లెలైంది. ఇన్ని వరసలు కలిశాక మనిషికి కాస్త గర్వం వస్తుంది కదా? నాకు కాస్త ఎక్కువే వచ్చింది. గదిలో రెండు బీరువాల నిండా పుస్తకాలు. వాటిలో చాలావాటిని నేను అట్ట వరకే చదివానని ఆ ఇంట్లో ఎవరికీ తెలియదు.

వేసవి వేట నిషేధం ముగిసి, బోట్లు మళ్ళీ నీళ్ళలో దిగబోతున్న రోజులవి. తగరపువలసలో ఉన్న చెల్లెలి ఇంటికి వెళ్ళొచ్చిన అత్త, తిన్నగా నా గదికొచ్చింది.

"నువ్వు బోలెడు పుస్తకాలు సదివినోడివి గదా నాయనా. 'నడిసంద్రపు దీపం' అని పుస్తకం ఉందట, నీకెరికేనా?"

"ఎందుకు తెలియదు అత్తా!" అన్నాను. నాకు తెలియదు.

"గంగమ్మ తల్లి మహిమలట. మగోడు సంద్రంలో ఉన్నన్నాళ్ళూ రోజూ కాసింత సదివించుకుని ఇనాలట. మా సెల్లి అలాగే సేత్తాది. మొదలెట్టినాక బోటొచ్చీవరకూ ఆపకూడదు, పుస్తకం మార్సకూడదు. బోటు రాగానే మూసీసి పసుపు గుడ్డలో కట్టీయాల. మళ్ళీ యేటకెళ్ళీదాకా ఇప్పకూడదు. తెచ్చిపెడతావేటి?"

"ఇదెంత పని?" అన్నాను. నా జీవితంలో ప్రతి ఉపద్రవమూ ఈ రెండు మాటలతోనే మొదలైంది.

ద్వారకా నగర్‌లో ఒక పుస్తకాల దుకాణానికి వెళ్ళాను. పేరు చెప్పగానే దుకాణాయన, "ఏది కావాలండీ?" అన్నాడు.

"చెప్పాను కదండీ, నడిసంద్రపు దీపం."

"అదేనండీ, ఏది? ఆ పేరుతో నాలుగున్నాయి. ఒకటి మన తీరంలో దీపస్తంభాల చరిత్ర, ఒకటి కవితలు, ఒకటి..."

నాకు పుస్తకాల గురించి పాఠం చెబుతాడా ఈయన! "ఇలా పెట్టండి, నేను చూసుకుంటాను" అన్నాను. నాలుగూ బల్ల మీద పెట్టాడు. ఒకదాని అట్ట మీద నల్లటి సముద్రం, దూరంగా చిన్న దీపం, కెరటాల మధ్య జుట్టు విరబోసుకున్న స్త్రీమూర్తి, పైకెత్తిన చెయ్యి. అభయహస్తం! సాక్షాత్తూ గంగమ్మే! పక్కనే బొమ్మా గిమ్మా లేకుండా, లెక్కల గైడులా వెలవెలబోతూ ఇంకో పుస్తకం ఉంది. దాని వంక జాలిగా చూసి, అభయహస్తాన్ని కట్టించుకున్నాను. పూజకు ముందు తెరవకూడదని తీసుకెళ్ళి అలాగే అత్త చేతిలో పెట్టాను. అది భక్తి అని అప్పుడనుకున్నాను. బద్ధకం అని ఇప్పుడు ఒప్పుకుంటున్నాను.

ఎర్రన్న బోటు తెల్లవారకముందే వెళ్ళిపోయింది. సాయంత్రం ఆఫీసు నుంచి వచ్చేసరికి ఇంట్లో అగరుబత్తి వాసన. వీధిలోని ఆడవాళ్ళంతా వచ్చి చేతులు జోడించుకుని కూర్చున్నారు. గౌరి తలమీద కొంగు కప్పుకుని చదువుతోంది:

"ఓడ మీద నుంచి వసుంధరాదేవిని వెనక నుంచి ఎవరో తోసేశారు. ఆమె చెయ్యి ఒక్కసారి పైకి లేచి, కెరటాల్లో మునిగిపోయింది."

"అమ్మా, తల్లీ!" అని అందరూ లెంపలేసుకున్నారు. అత్త టెంకాయ కొట్టింది.

"ఇన్‌స్పెక్టర్ ప్రచండరావు సిగరెట్టు వెలిగించాడు..."

నా కాళ్ళు గుమ్మంలోనే మేకులు కొట్టినట్టు ఆగిపోయాయి. గౌరి తలెత్తి, "అన్నయ్యా, దేవుడి పుస్తకంలో ఈ ఇన్‌స్పెక్టరేటి?" అంది.

అక్కడే నిజం చెప్పేసి ఉంటే కథ అరగంటలో అయిపోయేది. కానీ వీధి వీధంతా నా వంక చూస్తోంది. నేను గొంతు సవరించుకున్నాను.

"అదంతా వేదాంతమమ్మా. వసుంధర అంటే ఈ దేహం. తోసినవాడు అహంకారం. ఇన్‌స్పెక్టర్ అంటే సద్గురువు."

"మరి సిగరెట్టో?"

"అది... జ్ఞానాగ్ని."

అందరూ ఇన్‌స్పెక్టర్‌కి దణ్ణం పెట్టుకున్నారు. నేను మేడమీదకెళ్ళి దిండులో మొహం దాచుకున్నాను.

మర్నాటి నుంచి ఆడవాళ్ళు తొందరగా రావడం మొదలుపెట్టారు. వంటవాడే తోశాడని ఒక వర్గం, కాదు మొగుడేనని ఒక వర్గం. అత్త మాత్రం ఓడలో డాక్టరు మీద అనుమానం పెట్టుకుంది. "ఆడి నవ్వు మంచిది కాదే" అనేది, రోజూ వాడికి కాఫీ ఇస్తున్నట్టు.

నవ్వుకుంటున్నారా? నేనూ లోలోపల నవ్వుకుంటూనే ఉన్నాను, అల్పపీడనం పట్టేదాకా. హార్బర్‌లో హెచ్చరిక జెండా ఎగరేశారు. బోట్లు ఒక్కొక్కటీ తిరిగొస్తున్నాయి. ఎర్రన్న బోటు రాలేదు. ఫోన్ కలవడం లేదు. ఒడ్డుకొచ్చినవాళ్ళనడిగితే, "ఇంజిన్ ఏదో ఇబ్బంది పెడతందన్నాడు, ఎనకాలే వొత్తన్నాడనుకున్నాం" అన్నారు. అత్త మొహం సున్నం కొట్టిన గోడలా తెల్లబోయింది. అయినా పీట వాల్చింది.

"సదవే గౌరీ. ఆపకు."

గౌరి గుమ్మం వంక చూసుకుంటూనే చదువుతోంది. బయట గాలికి తలుపులు కొట్టుకుంటున్నాయి. లోపల ప్రచండరావు డాక్టరు పెట్టె వెతుకుతున్నాడు.

నాకు ఇలాంటి నమ్మకాలేవీ లేవని అప్పటిదాకా అందరికీ చెప్పుకు తిరిగేవాణ్ణి. ఆ ఈదురుగాలికి నా నాస్తికత్వం గొడుగులా తిరగబడింది. ఒక తల్లి కొడుకు కోసం దేవత పుస్తకం అడిగితే, నేను ఆవిడ చేతిలో ఒక హత్యని పెట్టాను. ఎర్రన్నకేమైనా అయితే ఆ ఇంట్లో నేను ఏ మొహంతో మెట్లెక్కుతాను?

వానలోనే ద్వారకా నగర్‌కి పరుగెత్తాను. దుకాణాయన నన్ను చూడగానే లెక్కల గైడు లాంటి పుస్తకం తీసి బల్లమీద పెట్టాడు.

"ఇదేనండీ గంగమ్మ మహిమలు. మీరు చూసుకుంటానన్నారని నేనేం మాట్లాడలేదు."

దాన్ని చొక్కాలో దాచుకుని ఇంటికొస్తే, ఇంట్లో ఎవరూ లేరు. హార్బర్‌కి ఉరికాను. జెట్టీ మీద జనం. ఇంకో బోటు తాడుకట్టి లాగుతుంటే, వానకు తడిసిన పిల్లిలా ఎర్రన్న బోటు మెల్లగా లోపలికొస్తోంది. ముందు భాగంలో నిలబడి వాడు చెయ్యెత్తి ఊపుతున్నాడు. అసలైన అభయహస్తం ఎలా ఉంటుందో నేను అప్పుడు చూశాను.

వాడు జెట్టీ మీదకి దూకాడు. అత్త వాణ్ణి రెండు చెంపదెబ్బలు కొట్టి, తర్వాత కావలించుకుంది. నేను ఆవిడ ముందు తడిసిన పుస్తకం పెట్టి, అంతా చెప్పేశాను.

"అత్తా, నేను తెచ్చింది దేవుడి పుస్తకం కాదు. డిటెక్టివ్ నవల. వేదాంతం అన్నదంతా అబద్ధం."

అత్త ముక్కు చీదింది. "నాకెరికే."

"ఎప్పట్నుంచి?"

"సిగరెట్టు ఎలిగించిన కాడి నుంచే. గేనాగ్ని అట, గేనాగ్ని! ఎర్రిమొగమా, నానేటి సిన్నపిల్లనేటి?"

"మరి ఆపలేదేం?"

ఆవిడ సముద్రం వంక చూసింది. "మొదలెట్టినాక ఆపకూడదు గదా. అదీగాక, కొడుకు నీటి మీదుంటే ఊరికే కూకుంటే పేనం పోద్ది. ఆ వసుంధరని ఎవుడు తోసినాడో అని ఆలోసిత్తంటే కాసేపు ఊపిరాడీది."

అంతలో వెనక నుంచి గౌరి గొంతు వినబడింది. పుస్తకం చేత్తోనే పట్టుకొచ్చింది.

"అత్తా, బోటొచ్చీసింది. పుస్తకం మూసీయాల గదా. ఇంకా ఆకరి అధ్యాయం ఉండిపోనాది."

వీధి ఆడవాళ్ళందరూ ఒక్కసారిగా ఎర్రన్న వైపు తిరిగారు. అత్త కూడా.

"ఇంకో గంట ఆగి రాలేకపోనావేటిరా?"

"ఏటి బావా ఇది!" అన్నాడు ఎర్రన్న బిత్తరపోయి.

పుస్తకం పసుపు గుడ్డలోకి వెళ్ళిపోయింది. తర్వాతి వేటకి వాణ్ణి సాగనంపడానికి వీధంతా వచ్చింది. అంత ఉత్సాహంగా తనని ఎప్పుడూ ఎవరూ సముద్రంలోకి తోలలేదని వాడు ఇప్పటికీ ఫిర్యాదు చేస్తుంటాడు. ఇప్పుడు వాడు వేటకెళ్తే చాలు, ఆ ఇంట్లో ఉదయం గంగమ్మ, సాయంత్రం ప్రచండరావు. ఇద్దరికీ ఒకే టెంకాయ. తోసింది డాక్టరే.

కనుక పాఠకులారా, తడిసిన ఆ పుస్తకం మీద చెయ్యేసి ప్రమాణం చేస్తున్నాను: ఇకమీదట అట్ట చూసి ఏ పుస్తకాన్నీ ఎవరి చేతిలోనూ పెట్టను. "ఏది కావాలండీ?" అని దుకాణంలో అడిగితే, నోరు మూసుకుని నాలుగూ తెరిచి చూస్తాను.

ఈ ప్రమాణానికి మొదటి పరీక్ష అప్పుడే వచ్చింది. మొన్న తగరపువలస నుంచి అత్త చెల్లెలు ఫోన్ చేసింది.

"నాయనా, నాకో 'నడిసంద్రపు దీపం' తెచ్చిపెట్టవా?"

"ఏది పిన్నత్తా?" అని చాలా జాగ్రత్తగా అడిగాను. "మీ ఇంట్లో అసలైనది ఉంది కదా?"

"ఉందిలే. అందులో ఎవులూ సావట్లేదు. మీ అత్త ఇంట్లోది తే."