రంగు కడిగేదాకా

ఆవిడ అసలు పేరు ఇంట్లోవాళ్లకైనా గుర్తుందో లేదో! పాలవాడి దగ్గర్నుంచి కోడలి దాకా అందరికీ ఆవిడ పెద్దరాణే. పగలంతా కుట్టుమిషను ముందు కూర్చుని వీధిలోవాళ్ల బట్టలు కుడుతుంది. నాటకం ఉన్న సాయంత్రం మాత్రం కిరీటం పెట్టుకుని సవతి మీద పద్యం అందుకుందంటే, వెనక బెంచీలవాళ్లు సైతం నోరు మూసుకోవలసిందే.

ఆ సవతి, అంటే నాటకంలో చిన్నరాణి, బయట ఆవిడకు ప్రాణస్నేహితురాలు. ఒకే డబ్బాలో తినేవారు, ఒకే గొడుగులో ఇంటికి నడిచేవారు. కానీ ఆ నాటకాల కంపెనీకి ఒక దిక్కుమాలిన నియమం ఉంది. ముఖానికి రంగు పడ్డాక, మళ్లీ కడిగేదాకా, రాణులిద్దరూ మాట్లాడుకోకూడదు. మాట్లాడితే పగ చల్లారిపోతుందట! వెనకటి మాస్టారెవరో పెట్టిపోతే వీళ్లు నెత్తిన పెట్టుకుని మోశారు. గది మధ్య పాత దుప్పటి కట్టి, అటొకరూ ఇటొకరూ తయారయ్యేవారు.

ఇద్దరూ కలిసి ఆడిన ఆఖరిసారి, నాటకం మొదలవబోతుండగా దుప్పటి అవతల గాజులు గలగలమన్నాయి. కింద చిన్నరాణి పాదాలు కనిపిస్తున్నాయి. 'చూడు దీని అల్లరి, నా చేత నియమం తప్పించాలని' అనుకుని పెద్దరాణి లోలోపల నవ్వుకుంది. పలకలేదు. కాసేపటికి పాదాలు వెళ్లిపోయాయి. చివరి దృశ్యంలో చిన్నరాణి ఎప్పట్లాగే విషం తాగి ఒరిగింది. "పలుకరింపను నిన్ను నీ ప్రాణమేగ" అని పాడి పెద్దరాణి వీపు తిప్పింది. తెర పడింది. చిన్నరాణి లేవలేదు. గుండె ఆగిపోయిందన్నారు.

"అది ఏదో చెప్పుకోడానికే వచ్చిందిరా! 'ఏంటే' అని ఒక్క మాట అనుంటే బతికేది" అని పెద్దరాణి కొడుకు దగ్గర ఏడ్చేది.

"ఊరుకోమ్మా, నువ్వేం చేస్తావ్?" అనేవాడు వాడు.

మిషను తొక్కుతుంటే గాజుల చప్పుడు. ఆపితే ఇంకా దగ్గరగా వినిపించేది.

ఏడాది తిరిగాక చిన్నరాణి వేషానికి కొత్త పిల్లను తెచ్చారు. మేనేజరు కాళ్లావేళ్లా పడితే పెద్దరాణి ఒప్పుకుంది. ఆవిడ మనసులో ఉన్నది ఒక్కటే. ఈసారి గాజులు మోగితే పలకాలి.

మోగాయి. దుప్పటి కింద పాదాలు. కళ్లకు దిద్దుకుంటున్న కాటుక చెంపకు పాకింది. ఒక్క ఉదుటున లేచి దుప్పటి పక్కకు లాగింది.

"ఏంటే? ఏమైందే తల్లీ? నొప్పా?"

కొత్త పిల్ల హడలిపోయింది. "అయ్యో, మనం మాట్లాడకూడదు కదా అత్తా! పిన్నీసు కోసం వచ్చా. కొంగు జారిపోతోంది."

పెద్దరాణి కళ్లలో నీళ్లు తిరిగేలా నవ్వింది. ఆ రోజు అది కూడా పిన్నీసుకే వచ్చిందేమో! ఎంత పిచ్చిదాన్ని! పిల్ల కొంగుకు తనే పిన్నీసు పెట్టింది. "నియమం లేదు, గియమం లేదు. ఏం కావాలన్నా నోరు తెరిచి అడుగు" అంది.

పిల్ల స్టేజీ మీదికి వెళ్లింది. దాని పద్యం మైకులో ఖంగున మోగుతోంది. పెద్దరాణి తేలికపడ్డ మనసుతో చెంప మీది కాటుక తుడుచుకుంటోంది.

దుప్పటి అవతల గాజులు గలగలమన్నాయి. కింద పాదాలు.

"ఏం కావాలే?" అంది. దుప్పటి వైపు తిరిగింది. "అడుగుతున్నాగా, చెప్పవే!"

పాదాలు కదలలేదు. పెద్దరాణికి అప్పుడు గుర్తొచ్చింది. ఏడాది కిందటి ఆ హడావిడిలో చిన్నరాణిని వేషంతోనే సాగనంపారు. ముఖం మీది రంగు ఎవరూ కడగలేదు.