ఆదివారం వస్తానన్న మనిషి

జర్మన్లు ఇంటికొచ్చినవాళ్ళతో ఎలా మెలుగుతారో డాక్యుమెంటరీ తీయడానికి నేను ఆ దేశంలో ఒక చిన్న ఊరికి వెళ్ళాను. తిరుపతివాణ్ణి కాబట్టి రాకపోకల సంగతి నాకు బాగా తెలుసనుకున్నాను. మా ఇంట్లో పొద్దున తలుపు తీస్తే ఎవరో ఒకరు వచ్చి కూర్చుని ఉంటారు. ఎందుకొచ్చారో వాళ్ళకే తెలియదు.

అక్కడ పక్కింటికి వెళ్ళాలన్నా ముందు అడగాలి. నేను అద్దెకున్న ఇంటి కింది వాటాలో ఒక పెద్దావిడ ఒంటరిగా ఉండేది. నాలుగు మాటలు మాట్లాడాలంటే పన్నెండు రోజుల తర్వాత, మంగళవారం మూడు గంటలకు రమ్మంది. వెళ్ళాను. కాఫీ ఇచ్చింది, కేకు పెట్టింది, నాలుగున్నరకు గడియారం చూసింది. నేను లేచి, గుమ్మం దగ్గర చెప్పులేసుకుంటూ, "ఆదివారం వస్తానండీ" అన్నాను. మా వైపు అలా అనకుండా ఎవరి గడపా దాటం. ఐరాలలో ఉండే మా మేనత్త ఇరవై ఏళ్ళుగా ఆదివారం వస్తానంటూనే ఉంది. ఆమె కోసం మా ఇంట్లో ఏనాడూ ఎసరు పెట్టలేదు.

పెద్దావిడ వెంటనే క్యాలెండరులో రాసుకుంది. ఎంత మంచి అలవాటో అనుకుని దాన్ని దగ్గరనుంచి షూట్ చేశాను కూడా.

ఆదివారం నేను వేరే ఊళ్ళో రైల్వే స్టేషన్ షూట్ చేసుకుంటూ గడిపాను. సోమవారం ఆవిడ మెట్ల మీద కనబడితే కెమెరా ఆన్ చేసి, నిన్న ఏం చేశారని అడిగాను. ఆరేళ్ళుగా ప్రతి ఆదివారం భర్త సమాధి దగ్గరికి పూలు తీసుకెళ్తుందట. నిన్న వెళ్ళలేదట.

"మీరు వస్తానన్నారు కదా," అంది.

కోపం లేదు. బస్సు టైము చెప్పినట్టు చెప్పింది. నాకు సిగ్గుతో చెవులు కాలిపోయాయి. తప్పయిందండీ అన్నాను. తలూపి లోపలికి వెళ్ళిపోయింది. అంతసేపూ నేను కెమెరా ఆపలేదు.

సినిమా మొత్తంలో అంత మంచి సీను ఇంకొకటి లేదు. తిరుపతికొచ్చాక తెర కింద తెలుగు మాటలు నేనే వేశాను. నా గొంతు వినబడే చోట్లు కత్తిరించేసి, ఆవిడ "మీరు" అన్నచోట "ఒకాయన" అని వేశాను. మా వీధిలో జర్మన్ ఎవరికొచ్చు?

ఒక మధ్యాహ్నం హాల్లో కిటికీలు మూసి, నాయనకూ పక్కింటి దర్జీ భార్యకూ చూపించాను. ఆ సీను రాగానే ఆమె కొంగుతో కళ్ళు తుడుచుకుంది.

"ఎవడప్పా వాడు? పెద్దామెను ఎదురుసూడబెట్టి రాకుండా పోయినాడే!"

"వాని మొగం గూడా సూపించాల్సింది రా," అన్నాడు నాయన.

బొమ్మ ఆపేశాను. "నేనే నాయనా," అన్నాను.

నాయన ఆగిపోయిన బొమ్మలో ఆవిడ ముఖం వైపు చూశాడు.

"ఆమె చెప్తా ఉంటే నువ్వు యాడుండావు రా?"

"కెమెరా వెనకాల," అన్నాను.