టీవీ సౌండు తీసేసి మాట్లాడిన మనిషి

నా చేతిరాత బాగుండదు. ఏడో తరగతితో బడి మానేశాను కాబట్టి తప్పులు కూడా ఉంటాయి. అచ్చు వేసేవాళ్లు దిద్దుకోవాలి, చదివేవాళ్లు మన్నించాలి. మా మేడ మీది గదిలో కిరాయికి ఉన్న పెద్దబాపు పోయారు. ఆయన నాటక సమాజం వాళ్లు ఆయన జ్ఞాపకంగా చిన్న పుస్తకం వేస్తున్నామని, ఇంటి పక్కవాళ్లు కూడా నాలుగు మాటలు రాయాలని అడిగితే రాస్తున్నాను.

ఆ కబురు వచ్చినప్పుడు నేను మేడ మీద దండెం మీది బట్టలు తీస్తున్నాను. జ్వరం తగ్గడం లేదని వాళ్ల అమ్మాయి వచ్చి, మేడిపల్లిలో తన ఇంటికి తీసుకుపోయి వారం కూడా కాలేదు. పోయేముందు ఆయన ఉతికి ఆరేసుకున్న పంచె ఇంకా దండెం మీదే ఉంది. వచ్చి ఆయనే తీసుకుంటారని నేను ముట్టుకోలేదు. ఇంటి ఓనరమ్మ సగం మెట్ల దాకా ఎక్కి వచ్చి, "ఆర్టిస్టు గారు పోయారంటమ్మా, ఇప్పుడే ఫోనొచ్చింది" అన్నది. ఆమె దిగిపోయాక ఆ పంచె తీసి మడత పెట్టాను. ఎవరికి ఇవ్వాలో తెలియక ఆయన కిటికీ గూట్లో పెట్టి కిందికి వచ్చాను. ఆయన లేక మేడ అంతా ఎండ మాత్రమే ఉంది.

మీలో చాలామంది ఆయన్ని స్టేజీ మీద చూసినవాళ్లే. నేను ఆయన నాటకం ఒక్కటీ చూడలేదు. సినిమాల్లో మాత్రం చూశాను. పెళ్లికూతురి తండ్రి, గుడి పూజారి, కానిస్టేబులు, ఆపరేషన్ గదిలోంచి బయటికి వచ్చి కళ్లజోడు తీసే డాక్టరు. సినిమా వాళ్ల మాటలో క్యారెక్టర్ ఆర్టిస్టు. ఆయన మొహం అందరూ చూసే ఉంటారు. ఎక్కడ చూశామో ఎవరికీ గుర్తు రాదు. కూరగాయల బండి దగ్గర ఒకాయన ఆయన్ని చూసి, మీరు మా బ్యాంకులో పనిచేసేవారు కదా అని అడిగితే, అవునని నవ్వి వచ్చేశారట.

మాది జనగామ దగ్గర ఊరు. పెళ్లయ్యాక నాచారం వచ్చాను. మా ఆయన ప్లాస్టిక్ డబ్బాల ఫ్యాక్టరీలో పని. పొద్దున పోతే చీకటి పడ్డాకే వస్తాడు. నాకు కొత్తవాళ్లతో మాట్లాడాలంటే భయం. ఓనరమ్మ మంచిదే కానీ గుంటూరు వైపు ఆమె. నేను ఏదైనా చెబితే "ఏంటమ్మా?" అని మళ్లీ అడుగుతుంది. రెండోసారి చెప్పడానికి సిగ్గేసి ఊరుకునేదాన్ని. రోజంతా నోరు తెరవని రోజులు కూడా ఉండేవి.

కొత్తలో మధ్యాహ్నం పూట పైన గదిలోంచి మాటలు వినబడేవి. ఒక తండ్రి బిడ్డను అత్తగారింటికి పంపుతూ ఏడుస్తున్నట్టు, ఇంకోరోజు ఎవరినో బెదిరిస్తున్నట్టు. పైన పెద్ద కుటుంబమే ఉందనుకున్నాను. ఒకరోజు ఓనరమ్మ మజ్జిగ ఇచ్చి రమ్మంటే పైకి పోయాను. తలుపు తీసే ఉంది. గదిలో ఆయన ఒక్కరే. టీవీలో పాత సినిమా నడుస్తోంది, సౌండు లేదు. తెర మీద పంచె కట్టుకున్న ఆయనే పెదాలు కదుపుతున్నారు. కుర్చీలో కూర్చున్న ఆయన ఆ పెదాలకు సరిగ్గా మాట కలిపి చెబుతున్నారు.

నన్ను చూసి సిగ్గుపడ్డారు. సినిమాల్లో చిన్న వేషాలవాళ్లకు వేరేవాళ్లు గొంతు ఇస్తారని, మాట చెప్పడానికి ఆర్టిస్టును మళ్లీ పిలవరని అప్పుడే తెలిసింది. అన్నేళ్లలో ఒక్క సినిమాలో కూడా ఆయన గొంతు లేదు. "మొహం కిరాయికి ఇస్తాం తల్లీ. గొంతు మన దగ్గరే ఖాళీగా ఉంటుంది" అన్నారు. గ్లాసు అందించి, "మజ్జిగ తాగు పెద్దబాపు" అన్నాను. మా ఊళ్లో పెద్దవాళ్లను పిలిచినట్టే పిలిచాను. ఆయన గ్లాసు అందుకున్నారు. ఆ పిలుపు విని చాలా కాలమైందన్నారు.

ఆయనది భువనగిరి దగ్గర పల్లె. మిల్లులో పనికని ఉప్పల్ వచ్చి, సాయంత్రాలు నాటకాల్లో చేరారు. మొదటిసారి కోస్తాలో పోటీ నాటకానికి పోయినప్పుడు, కొడుకు చచ్చిపోయిన సీనులో ఆయన నోరు తెరవగానే జనం నవ్వారట. మాట అటువంటిది, మన తెలంగాణ మాట. ఆ రోజు నుంచి ఆయన తన మాటను కడిగేసుకున్నారు. ఇంట్లో భార్యతో కూడా పుస్తకంలో ఉన్నట్టే మాట్లాడేవారట. తర్వాత ఎవరూ నవ్వలేదు, బహుమతులు వచ్చాయి. ఇదంతా నాటకాల వాళ్లకు నాకంటే బాగా తెలుసు. నాకు తెలిసింది ఆ తర్వాతది.

పోయినేడు కొత్త డైరెక్టరు ఒకాయన వెతుక్కుంటూ వచ్చారు. చిన్న వేషం. ఇల్లు విడిచిపోయిన బిడ్డ చాలా ఏళ్లకు వాకిట్లో నిలబడితే, తండ్రి రెండు మాటలు అనాలి. ఈసారి మీ గొంతే కావాలి, మీ ఊరి మాటే కావాలి అన్నారట. పెద్దబాపు ఆ సాయంత్రం మిఠాయి తెచ్చి అందరికీ పంచారు.

షూటింగు నుంచి మాత్రం తల వంచుకుని వచ్చారు. మెట్ల మీదే కూర్చుండిపోయారు. ఊరి మాట నోటికి రాలేదట. తెచ్చిపెట్టుకుని అంటే వెక్కిరించినట్టు ఉందని అక్కడి పిల్లలే నవ్వారట. డైరెక్టరు కోప్పడలేదు. డబ్బింగు నాటికి కుదిరితే సరే, లేకపోతే వేరేవాళ్లతో చెప్పిద్దామన్నారు. "ఈసారి కూడా నా మొహమే మిగులుతుంది" అన్నారు పెద్దబాపు. అప్పుడే నన్ను ఒకటి అడిగారు. నేను మా అమ్మతో ఫోన్లో మాట్లాడేటప్పుడు మెట్ల మీద కూర్చుని వింటే నాకేమైనా అభ్యంతరమా అని.

మా ఆయన ఆ రాత్రి పడీ పడీ నవ్వాడు. మరునాడు మెట్ల దగ్గర ఆయన ఎదురైతే అన్నాడు కూడా. "పెద్దబాపు, గీమె నాతోనే సక్కగ మాట్లాడది. నువ్వు ట్యూషన్ పెట్టించుకుంటున్నవ్. ఫీజు మాత్రం ముందుగాల కట్టకు."

నిజంగానే మొదట్లో ఆయన వింటున్నారని నాకు మాట వచ్చేది కాదు. ఆ, ఊ అని ఫోన్ పెట్టేసేదాన్ని. తర్వాత తర్వాత అలవాటైంది. అమ్మ బర్రె ఈనిన సంగతి చెప్పేది, నేను ఉప్పల్‌లో కొన్న చెప్పుల సంగతి చెప్పేదాన్ని. ఫోన్ అయిపోయాక కూడా బియ్యం చెరుగుతూ ఆయనతో మాట్లాడేదాన్ని. నా మాట కోసం ఒక మనిషి కూర్చోవడం నాకు అదే మొదటిసారి. ఆయన మాత్రం వింటారే తప్ప అనరు. అనబోతే పాత నాటకం మాటే వచ్చేది. లేచి వెళ్లిపోయేవారు. డబ్బింగు దగ్గర పడుతోందని నాకూ దిగులుగా ఉండేది.

ఒక మధ్యాహ్నం మేడ మీద వడియాలు ఎండబెట్టి కిందికి వచ్చాను. కాసేపటికి పైనుంచి కేక.

"ఓ పిల్లా! కోతులచ్చినయే, నీ వడియాలన్ని బుక్కుతున్నయ్! కట్టె వట్కొని ఉర్కిరా!"

చీపురు పట్టుకుని పరుగెత్తాను. ఒక కోతి నీళ్ల ట్యాంకు మీద కూర్చుని తింటోంది. పెద్దబాపు తువ్వాలు చేతిలో పట్టుకుని నిలబడ్డారు, కోతిని చూడడం లేదు.

"నేనిప్పుడేమన్న?" అని అడిగారు.

సిగ్గుపడుతూనే ఆ మాటలు మళ్లీ చెప్పాను.

"గట్లనే అన్ననా?"

"గట్లనే అన్నవ్ పెద్దబాపు."

ఆయన ఉన్నచోటే కూలబడి నవ్వారు. నవ్వి నవ్వి కళ్లు తుడుచుకున్నారు. "మా అవ్వ గిట్లనే ఒర్రేది బిడ్డా" అన్నారు. మిగిలిన వడియాలు ఇద్దరం ఏరుకున్నాం. ఆ రోజు నుంచి నాతో ఆయన మాట మారింది. తల్లీ అనడం పోయి బిడ్డా అనడం వచ్చింది.

డబ్బింగు నుంచి ఆటోలో వచ్చారు. ఎట్లయింది అని అడిగాను. "చెప్పిన. నా అంతట నేనే చెప్పిన. డైరెక్టరు మంచిదన్నడు, గంతే. మంచిదంటే ఉంచినట్టా, తీసేసినట్టా?" అన్నారు. నాకేం తెలుసు. ఉంచినట్టే అన్నాను. ఆ తర్వాత కూడా అదే మాట రెండు మూడు సార్లు అడిగారు. సినిమా ఎప్పుడు వస్తుందో ఎవరూ చెప్పలేదు. చలికాలం వచ్చింది, జ్వరం వచ్చింది. సంగతి తెలియకుండానే పోయారు. వాళ్లమ్మాయి వచ్చి గది ఖాళీ చేసి, టీవీ, రెండు పెట్టెలు తీసుకుపోయింది. మంచి అమ్మాయే. నాన్న మీ గురించి చెప్పేవారని నా చేయి పట్టుకుంది.

పోయిన ఆదివారం ఉప్పల్‌లో ఆ సినిమా ఆడుతోందని తెలిసి, మా ఆయన్ని తీసుకుపొమ్మన్నాను. నా అంతట నేను సినిమా అడగడం అదే మొదటిసారి. హాల్లో సగం కూడా జనం లేరు. ఆయన ఎప్పుడొస్తారా అని చూస్తూ కథ నాకేమీ ఎక్కలేదు. చివరికి వాకిలి కనబడింది. అరుగు మీద పెద్దబాపు కూర్చున్నారు. ఎదురుగా ఆ బిడ్డ వచ్చి నిలబడింది. నేను గట్టిగా కళ్లు మూసుకున్నాను. మొహం ఆయనదే, అది నాకు తెలుసు. నాకు కావలసింది గొంతు.

"ఒచ్చినవా. కాళ్లు కడుక్కో, అన్నం తిందువు."

ఆయనదే. మెట్ల మీద కూర్చుని మాట్లాడినట్టే ఉంది. ఎవరూ నవ్వలేదు. ఎవరూ చప్పట్లు కూడా కొట్టలేదు. నా వెనకాల ఎవరో ముక్కు చీదుకున్నారు. కళ్లు తెరిచేసరికి వేరే సీను నడుస్తోంది. ఉంచిన్రు పెద్దబాపు, ఉంచిన్రు అని చెప్పాలనిపించింది. చెప్పవలసిన మనిషి ఆయన ఒక్కరే.

సినిమా అయిపోయింది. జనం లేచారు. మా ఆయన హెల్మెట్ పట్టుకుని మెట్ల దగ్గర నిలబడి రమ్మని సైగ చేశాడు. తెర మీద తెల్లటి పేర్లు కింది నుంచి పైకి పోతున్నాయి, అన్నీ ఇంగ్లీషులో. ఆయన పేరు మొదటి అక్షరం ఒక్కటే పట్టుకుని వెతుకుతూ కూర్చున్నాను. ఒక్కటి పోల్చుకునేలోపు పది పైకి పోతున్నాయి. అవతలి వరుసలో ఒక ఆవిడ చీపురుతో ఊడవడం మొదలుపెట్టింది. పేర్లు ఇంకా పోతూనే ఉన్నాయి.