పుట్టకు పాలు, ఫోన్‌లో పాము

మా ఆయనకు పాత రోజులంటే ప్రాణం. ముఖ్యంగా ఇంటికంతా ఒక్కటే ఫోన్ ఉండి, అది ఆయన చొక్కా జేబు దాటని రోజులు. నాగపంచమి ముందురోజు బీరువా అడుగున ఆ బటన్ల ఫోన్ దొరికితే, దిల్‌సుఖ్‌నగర్‌కు పోయి బ్యాటరీ వేయించుకొచ్చారు. పాము ఆటలో పాత రికార్డు చెక్కుచెదరలేదు.

"చూడు బిడ్డా, గీ రికార్డు నాదే. మీ అమ్మనడుగు," అని కూతురికి చూపించారు. నన్నెవరూ అడగలేదు.

ఆదివారం మధ్యాహ్నాలు ఆయన గురక పెడుతుంటే, ఛార్జింగ్ వైరు పక్కన గోడకానుకొని నేను చేసిన రికార్డది. అంతకుముందు ఒకసారి ఆడతానంటే, "బడి మొఖం చూడనిదానివి, నీతోని కాదు" అన్నారు. నిజమే, నేను బడికి పోలేదు. మా నాన్న మగ్గం పక్కన కూర్చోబెట్టుకొని అక్షరాలు, అంకెలు నేర్పాడు. దేవుడి దయవల్ల బొటనవేలికి బడి అక్కర్లేదు.

పంచమినాడు మా ఇంట్లో కత్తిపీట ముట్టం, నేల తవ్వం. పాముకు పొరపాటున కూడా దెబ్బ తగలకూడదు. అత్తమ్మ బడంగ్‌పేట్ వైపు పుట్టకు పాలు పోసి ఎల్బీనగర్‌లోని మా ఇంటికి తిరిగొచ్చేసరికి, ఆయన సోఫాలో కూర్చొని ఆడుతున్నారు.

"ఏందిరా అది?"

"పామమ్మా. గోడకు తాకిందంటే సస్తది."

అత్తమ్మ చేతిలో పాలచెంబు అట్లాగే ఉండిపోయింది. "పుట్టకు పాలు పోసి ఇప్పుడే వస్తున్న, నువ్వు ఇంట్ల పామును సంపుతవా? అది సచ్చిందంటే ఇయ్యాల నేను ముద్ద ముట్ట!"

షుగర్ మాత్రలు వేసుకునే మనిషి. అన్నంత పనీ చేస్తుంది.

"ఆపెయ్ డాడీ!" అంది మా అమ్మాయి.

"ఆపుడెట్ల? ఏ బటనో యాదికొస్తలేదు!" అన్నారు రికార్డు వీరుడు. పాము నేరుగా గోడకేసి పోతోంది. "జర పట్టవే, పట్టు!" అని ఫోన్ నా చేతిలో కుక్కారు.

గోడ దగ్గర తిప్పేశాను. ఆపే బటన్ నాకు తెలుసు. కాకపోతే కూతురు చూస్తోంది కదా, పామేమో ఆకలి మీదుంది. అంచుల వెంబడి నెమ్మదిగా నడిపించి, కడుపు నింపాను. స్కోరు ఆయన చెప్పుకునే రికార్డు దాటింది. అప్పుడు నొక్కాను.

"పండుకుంది అత్తమ్మా."

ఆమె ఫోన్ అందుకొని దేవుడి పటం ముందు పెట్టి, పసుపు కుంకుమ చల్లింది. తర్వాత కంచం ముందు కూర్చుంది. నేను మనసులోనే దండం పెట్టుకున్నాను.

"మొదలువెట్టింది నేనే గద," అన్నారు ఆయన. "గీ రికార్డు గూడ నాదే లెక్క."

"నువ్వు మొదలువెడితే సావుకొచ్చింది, కోడలు బతికిచ్చింది," అంది అత్తమ్మ ముద్ద కలుపుతూ.

మా అమ్మాయి నావైపు తిరిగింది. "మమ్మీ, మరి గా పాత రికార్డు ఎవలది?"

నేను నోరు విప్పేలోపే ఆయన "ఉక్కవోస్తున్నది" అంటూ లేచి, తిరుగుతున్న ఫ్యాన్‌కే స్విచ్ వెతకడం మొదలుపెట్టారు.