టికెట్ లేని ముఖం

బడంగ్‌పేట్‌లో మట్టయ్య ఇంటికి చుట్టపక్కాలు రావడం మానేసి చాలా కాలమైంది. పిలవక కాదు, పెట్టక అసలే కాదు, కౌసల్యమ్మ చేతి వంట తిన్నవాళ్లు మళ్లీ అడిగి తింటారు. చిక్కల్లా వరండాలో ఉంది. గేటు తీసుకుని ఎవరొచ్చినా మట్టయ్య అక్కడ కూర్చుని నెత్తి నుంచి చెప్పుల దాకా ఒక చూపు చూస్తాడు. ఆ చూపు పడ్డాక ఎంత పెద్దమనిషైనా ఒకసారి జేబు తడుముకుంటాడు. ఏ పాపమూ ఎరగనివాడైతే రెండుసార్లు తడుముకుంటాడు.

ఆ చూపు ఉద్యోగంలో అబ్బింది. దిల్‌సుఖ్‌నగర్ నుంచి చౌటుప్పల్ పోయే బస్సులో మట్టయ్య కండక్టరు. రిటైరయ్యేదాకా అదే రూటు. ఎల్బీ నగర్‌లో జనం ఒకరిమీదొకరు పడి ఎక్కుతుంటే, అంత తోపులాటలోనూ టికెట్ ఎగ్గొట్టేవాడెవడో ముఖం చూసి పసిగట్టేవాడట. టికెట్లు కొట్టడం అయ్యాక, అనుమానమొచ్చినవాణ్ని లేపి నిలబెట్టి టికెట్ చూపించమనేవాడు. "టికెట్ లేని ముఖం దాగదు. వంద మందిల ఉన్నా నా కంటికి కొట్టొచ్చినట్టు కనవడ్తది" అంటాడు ఇప్పటికీ. అబద్ధమేం కాదు, చాలామందిని పట్టుకున్నాడు. మాసిన లుంగీలను, సున్నం మరకల చొక్కాలను, భుజాన సంచి వేలాడేసిన కూలీలను పట్టుకున్నాడు. ఇస్త్రీ చొక్కాను మాత్రం ఒక్కదాన్నీ పట్టుకోలేదు. వాళ్లు టికెట్ లేకుండా ఎక్కరని ఆయన లెక్క. అడిగితే కదా తెలిసేది. అయినా పట్టిన కుందేలుకు మూడే కాళ్లనేవాడితో ఎవరు వాదిస్తారు?

పైగా కాలనీ ఆ విద్యను నమ్మి నెత్తిన పెట్టుకుంది. కిరాయికి ఎవరొచ్చినా, కారు డ్రైవరును పెట్టుకోవాలన్నా, చివరికి పెళ్లికొడుకు ఫొటో వచ్చినా మట్టయ్య ముందుకు రావాల్సిందే. జిల్లాకో తీర్పు ఆయన నాలుక చివర సిద్ధంగా ఉంటుంది. "పాలమూరోడా? పని బాగ చేస్తడు గని అలుగుతడు. గుంటూరోడా? మాట తియ్యగుంటది, అడ్వాన్స్ ముందుగాల తీస్కో. మన నల్లగొండోడా? కండ్లు మూస్కొని ఇయ్యి." ఆయనది నల్లగొండని వేరే చెప్పాలా?

ఈ కీర్తి ప్రతిష్ఠల మధ్య కౌసల్యమ్మకు మాట్లాడుకోను మనిషి కరువైంది. కొడుకు శేఖర్ ఉద్యోగానికి పొద్దున పోతే చీకటి పడ్డాక వస్తాడు, వచ్చినా అలికిడి ఉండదు. మొగుడేమో గేటు కాపలా. పై పోర్షను ఖాళీగా పడి ఉంది. ఎవరొచ్చి అడిగినా మట్టయ్య ముఖం చూడడం, పెదవి విరవడం. ఆ తల్లికి ఉన్న ఒకే ఒక్క తోడు రాములమ్మ. దిల్‌సుఖ్‌నగర్‌లో ఓ సందులో చీరలకు ఫాల్ కుట్టే మనిషి. కౌసల్యమ్మ ఫాల్ కుట్టించే వంకతో వెళ్లి, చీర ఇచ్చేసి పూటంతా అక్కడే కూర్చునేది. బీరువాలో ఫాల్ లేని చీర ఒక్కటీ మిగల్లేదు.

ఇప్పుడు రాములమ్మ వాళ్లుండే ఇల్లు కొట్టేసి హాస్టల్ కడుతున్నారు, నెలాఖరుకు ఖాళీ చెయ్యాలి. కౌసల్యమ్మకు ప్రాణం లేచొచ్చింది. రాములమ్మ పైన దిగితే ఇంట్లో మనుషుల గొంతు వినబడుతుంది. ఆదివారం చర్చి అయ్యాక రాములమ్మ భర్త యెహెజ్కేలును వెంటబెట్టుకుని వచ్చింది. తెల్లటి ఇస్త్రీ చొక్కాలోనే వచ్చాడు పాపం. కానీ మట్టయ్య కన్ను మామూలు కన్నా? ఇట్టే గుర్తుపట్టింది. ఎల్బీ నగర్‌లో ఎక్కి పెద్ద అంబర్‌పేట్‌లో దిగే గోడల పెయింటరు.

వాళ్లు గేటు దాటారో లేదో తీర్పు వచ్చేసింది.

"వాళ్లకియ్యను. వాడు మహా ముదురు. దినాం అడిగిన, ఒక్కనాడు దొరకలే."

"దొరకలేదంటె టికెట్ ఉన్నట్టే గదయ్యా."

"గదే గద నేను చెప్పేది. నియ్యత్ ఉన్నోడు ఎప్పుడో ఒకసారి మర్చిపోతడు. వీడు ఒక్కపారి మర్చిపోలే. అడగకముందే తీసి చూపెడ్తుండె. ఎంత జాగ్రత్త పడ్డడో సూడు."

ఈ తర్కం విని కౌసల్యమ్మ వంటింట్లోకి పోయి గిన్నెలు కాస్త గట్టిగా తోమింది.

మర్నాడు పోర్షన్ అడగడానికి సీతారాములు మాస్టారొచ్చారు. రిటైరైన టీచరు, కోస్తా నుంచి వచ్చి స్థిరపడినాయన. నుదుట విభూతి, బంగారు ఫ్రేము కళ్లద్దాలు, మడత నలగని పంచె. గుంటూరు వైపువాళ్ల మీద తానిచ్చిన తీర్పును మట్టయ్య అక్కడికక్కడే మర్చిపోయాడు.

"గిది ముఖమంటె" అన్నాడు భార్య చెవిలో. "సదువు ఉట్టిపడ్తుంది. చాయ్ పెట్టు."

కౌసల్యమ్మ చాయ్ తెచ్చి, చేదు మాత్ర ఇస్తున్నట్టు ముఖం పెట్టి ఇచ్చింది. రాములమ్మ ఆశ ఆ కప్పుతోనే చల్లారిపోయినట్టనిపించింది ఆమెకు. మాస్టారు ఒక గుక్క తాగి మట్టయ్యను ఎగాదిగా చూశారు.

"మీరు చౌటుప్పల్ బస్సు మట్టయ్య గారు కదూ? నేను పెద్ద అంబర్‌పేట్ బడిలో చేసేవాణ్నండి. రోజూ మీ బస్సే. అబ్బ, ఏం పట్టేవారండీ. ఆ పెయింటరు కుర్రాణ్ని పాపం రోజూ నిలబెట్టేవారు."

మట్టయ్య ఛాతీ బెత్తెడు పొంగింది.

"నన్ను మాత్రం ఎనిమిదేళ్లలో ఒక్కసారీ పట్టుకోలేకపోయారు" అని మాస్టారు పకపకా నవ్వారు.

"మీకు పాస్ ఉండె గద సార్."

"ఎక్కడిదండీ పాసు? మొదటి రోజు డబ్బులు చేతిలో పట్టుకునే నిలబడ్డాను. మీరు నా ముఖం చూసి, సార్‌ది పాసే అని ముందుకెళ్లిపోయారు. సరే, రేపిద్దాంలే అనుకున్నాను. రేపూ అంతే. నెల తిరిగాక ఇంకెలా అడగనండీ? అప్పుడు టికెట్ కొంటే అంతకుముందు నెల దొంగతనం బయటపడదూ? మీ నమ్మకం పాడుచెయ్యడమెందుకని ఊరుకున్నాను."

గుమ్మంలో నిలబడ్డ కౌసల్యమ్మ గొంతు సవరించుకుంది. "చెకింగోళ్లు ఎక్కలేదా సార్?"

"ఎక్కకేం తల్లీ, ఎక్కారు. మీ ఆయనే అడ్డం పడ్డారు. సార్ పాసు నేను చూసిన, మీరు ముందుకు పోండి అన్నారు. చల్లని మనిషి."

మాస్టారు దీన్ని పొగడ్తగానే అన్నారు. కౌసల్యమ్మ కొంగు నోట్లో కుక్కుకుని వంటింట్లోకి పరుగెత్తింది. లోపల్నుంచి ఒకటే నవ్వు. మట్టయ్య ముఖంలో కత్తివాటుకు నెత్తురుచుక్క లేదు. మాస్టారు రేపు అడ్వాన్స్ తెస్తానని లేచి వెళ్లినా, ఆయనకు తల ఊపడం కూడా చేతకాలేదు.

"తాళంచెవి సార్‌కు ఇప్పుడే పంపాల్నా, రేపియ్యాల్నా?" కౌసల్యమ్మ వచ్చి అమాయకంగా అడిగింది.

మట్టయ్యకు ఆ పూట అన్నం సయించలేదు. మాస్టారి మీద కోపం రాలేదు, తన మీద తనకే వచ్చింది. ఆ ముఖం విషయంలోనే ఇంత పప్పులో కాలేస్తే, మిగతా ముఖాల మాటేమిటి? యెహెజ్కేలు చెయ్యి గుర్తొచ్చింది. బస్సు నిండా జనం చూస్తుండగా, అడగకముందే జేబులోంచి టికెట్ తీసి చాచే చెయ్యి. అది జిత్తులమారితనమనుకున్నాడు ఇన్నాళ్లూ. ఇప్పుడు తలుచుకుంటే సిగ్గుతో చచ్చిపోయినంత పనైంది.

తెల్లారి మాస్టారికి ఫోన్ చేసి, పోర్షన్ ఇంకొకళ్లకు అనుకున్నామని చెప్పి, కౌసల్యమ్మతో కలిసి దిల్‌సుఖ్‌నగర్ వెళ్లాడు. యెహెజ్కేలు పరుపు చుట్టి తాడు కడుతున్నాడు.

"పోర్షన్ మీదే. రాండ్రి" అన్నాడు మట్టయ్య.

యెహెజ్కేలు తాడు ముడి వేసి గాని తలెత్తలేదు. "వద్దు సార్."

"ఎందుకు?"

"మా బిడ్డ జోస్నా చిన్నగున్నప్పుడు ఒకనాడు ఎంబడి తీస్కపోయిన. మీరు నన్ను లేపి నిలబెట్టిండ్రు. టికెట్ చూపెట్టిన, పోయిండ్రు. బస్సు దిగినంక బిడ్డ అడిగింది, నాయినా, మనం ఏం తప్పు చేసినం అని. ఏం చెప్పాల్నో నాకు తెల్వలే. ఇప్పుడు గా చూపు కిందనే దినాం మెట్లెక్కాల్నా సార్?"

"తప్పయింది తమ్మీ" అన్నాడు మట్టయ్య. కౌసల్యమ్మ ముఖం తిప్పుకుని కళ్లొత్తుకుంది. తన ఆశ అయిపోయినట్టే అనుకుంది.

రాములమ్మ అన్నీ చూస్తూ ఊరుకునే మనిషి కాదు. కుట్టు మిషను మీద బట్ట కప్పుతూ అంది. "అక్క కోసం నేనొస్త. ఈయన్ని కూడ నేనే తీస్కొస్త. ఒక్కటే షరతు. అన్న మా దిక్కు చూడొద్దు."

"అంటె?"

"శుక్రారం ప్రార్థనకు మావోళ్లు వస్తరు. ఆటోలు నడిపేటోళ్లు, గోడలు కట్టే సుతారి పనోళ్లు. ఒక్కొక్కర్ని మీరు కింద పరీక్ష పెడితే, ఇగ పైన దేవుని మాట ఇడిసి మీ మాటే చెప్పుకుంటరు. గేటు దిక్కు, మెట్ల దిక్కు వీపు పెట్టి కూసోవాలె."

మట్టయ్య నోరు తెరిచేలోపే కౌసల్యమ్మ అంది. "ఒప్పుకున్నడు."

వాళ్లు దిగిన మొదటి శుక్రవారం సాయంత్రం మట్టయ్య ప్రహరీ గోడకు ఎదురుగా బుద్ధిగా కూర్చున్నాడు. వెనక గేటు తీస్తున్నారు, వేస్తున్నారు. "వందనాలన్నా" అని ఒకరు, "బాగున్నరా పెద్దాయనా" అని ఒకరు. ఆయన గోడకే వందనాలు పెడుతున్నాడు, గోడకే బాగున్నానని చెబుతున్నాడు. పక్కన చిక్కుడుకాయ ఈనెలు తీస్తున్న కౌసల్యమ్మకు ఒళ్లంతా చెవులే. ఇంటికి ఇన్ని గొంతులు వచ్చి ఎన్నేళ్లయిందో.

చీకటి పడ్డాక ఉన్నట్టుండి మట్టయ్య బిగుసుకున్నాడు.

"కౌసల్యా, గీ అడుగుల చప్పుడు ఇన్నవా? చెప్పులు చేతిల పట్టుకొని గోడ పొంటి పోతుండు. తప్పు చెయ్యనోడు గట్ల నడువడు. పైకి పోయి రాములమ్మకు చెప్పు, సామాన్లు జర జాగ్రత్తని."

కౌసల్యమ్మ తిరిగి చూసింది. చేతిలో కాయ చేతిలోనే ఆగింది.

"వాడు మన శేఖరు."

"వాడెందుకు గట్ల నడుస్తడు?"

"చిన్నప్పటి సంది నీ ముందర గట్లనే నడుస్తడయ్యా. నువ్వు ఇయ్యాల్నే ఇన్నవు."

మట్టయ్య వెనక్కి తిరగలేదు. షరతు ఉంది మరి, అదీగాక ఆ క్షణాన కొడుకు ముఖం చూసే ధైర్యం ఆయనకు లేదు. గోడ వైపే చూస్తూ, "శేఖరూ, చెప్పులేస్కొని చప్పుడు చేస్కుంట నడువు బిడ్డా" అన్నాడు.