మారేడులా తరిగిన యాస్ కొమ్మలు

దేవయ్యది మెట్‌పల్లి దగ్గరి పల్లె. ఒమాన్ వచ్చి ఏడేళ్లయినా, స్టీరింగుకు మొక్కి "వేములవాడ రాజన్నా, నువ్వే దిక్కు" అననిదే జీపు కదిలించేవాడు కాదు. మబేలాలో రూమ్, అజైబాలో కంపెనీ. కొండల్లో నీటి ఊటలు కొలిచే ఇంజనీర్లను తిప్పడం డ్యూటీ.

1995లో ఆ కంపెనీకి అమెరికా నుంచి మిరియం మేడం వచ్చింది. యూదుల మనిషి. దసరా వెళ్లిన అయిదో నాడు, పున్నమి పొద్దుగూకగానే ఆమెకు పందిళ్ల పండుగ మొదలు. అజైబాలో ఆమె ఇంటి డాబా మీద ఖర్జూర మట్టలతో పందిరి వేసింది దేవయ్యే. "సందుల్లకెల్లి సుక్కలు కనవడాల్నట. గట్లయితే పందిరెందుకు?" అని గొణుగుతూనే వేశాడు.

పూజకు ఖర్జూరపు మొవ్వు, వాగొడ్డు చెట్టు కొమ్మ, దబ్బపండు దొరికాయి. జబల్ అఖ్దర్ కొండ మీద పెరిగే యాస్ అనే వాసన పొద కొమ్మలు మూడు ఇంకా కావాలి. ఆ కొండకు కంపెనీ తీసుకున్న మిలిటరీ పర్మిట్ పున్నమి రోజుతో ఆఖరు.

పున్నమి నాటి పొద్దున్నే ఇంజనీరు గంగాధరరావు మేడం మాట చెప్పాడు. "ప్రతి కణుపుకీ మూడేసి ఆకులుండాలటయ్యా దేవయ్యా. మొవ్వుకు కలిపి కట్టాలట, అదీ పొద్దుగూకకముందే. చూసి తే, గడ్డి కోసుకొచ్చేవు!"

"మూడాకుల ముచ్చట నాకు జెప్తున్రా సార్? రాజన్నకు మారేడు తెంపిన చెయ్యి ఇది."

ఆ చెయ్యే కొంప ముంచింది. మారేడును ఎవరూ కొమ్మగా పెట్టరు కదా. కొండ మీద బండ నీడన కూర్చుని, కణుపు కణుపుకీ మూడాకులు విడిపోకుండా బ్లేడుతో తరిగి, తడి తువ్వాల నిండా పోశాడు. మిగిలిన కొమ్మలు పారేయబుద్ధి కాలేదు. దసరా నాడు డ్యూటీలో పడి జీపుకు ఒక్క ఆకైనా కట్టలేదాయె. బంపరుకు, అద్దాలకు, వెనక స్పేర్ టైరుకు కట్టి, పెళ్లి బండిలా దిగొచ్చాడు.

మేడం వరండాలో తువ్వాల విప్పాడు. ఆమె ఆకుల్లో వేళ్లు పెట్టి కొమ్మ కోసం వెతికింది.

"నీ అసాధ్యం కూలా!" గంగాధరరావు నెత్తి కొట్టుకున్నాడు. "కొమ్మ తెమ్మంటే గోంగూర తరిగినట్టు తరిగావేంటయ్యా?"

"దేవునికి కట్టె వెడ్తరా సార్ ఎవలన్న?"

అన్నాడేగానీ ఆకాశం వైపు చూశాడు. పొద్దు వాలిపోతోంది. మేడం పండుగ తన చేత చెడిపోయిందే! తలొంచుకుని గేటు వైపు నడిచి, జీపును చూసి ఆగిపోయాడు.

"మేడం! జల్దీ ఆవో!"

బంపరు కొమ్మలు దుమ్ము కొట్టుకుపోయాయి. అద్దాల దగ్గరివి గాలికి చిరిగాయి. స్పేర్ టైరు చాటునున్నవి మాత్రం నిగనిగలాడుతున్నాయి. మేడం కళ్లజోడు పైకి తోసి కణుపులన్నీ పరీక్ష చేసింది. ఒకటి తీసింది. రెండోది. మూడోది దొరకగానే దేవయ్య భుజం మీద ఒక్కటి చరిచింది. కుళాయి కింద కడిగి, మట్ట ఈనె చీల్చి, పొద్దు ఇంకా ఉండగానే కట్టేసింది.

ఆ సాయంత్రం పందిరి కింద ముగ్గురూ భోజనానికి కూర్చున్నారు. తరిగిన ఆకుల్ని మేడం పారేయలేదు, వెండి భరిణె తెచ్చి నింపింది.

"వారం వారం వీళ్ల విశ్రాంతి రోజు ముగిశాక సువాసన పీలుస్తారట," అన్నాడు గంగాధరరావు. "చాన్నాళ్లకు సరిపడా తరిగిచ్చావంటోంది."

"సూసిన్రా సార్! నేను ఊకెనే కోసిన్నా?"

రూమ్‌లోని రాజన్న పటానికని గుప్పెడు జేబులో వేసుకుని దేవయ్య తలెత్తాడు. మట్టల సందుల్లోంచి పున్నమి చంద్రుడు సరిగ్గా అతని పళ్లెంలోకే చూస్తున్నాడు.

"గిందుకా సందులు!" అన్నాడు నోట్లో ముద్దతోనే.