కిషన్‌లాల్ అతికించిన నవ్వులు

టీవీలో కామెడీ కార్యక్రమాన్ని నటులు నడిపిస్తారని జనం అనుకుంటారు. మా తండాలో అడిగితే కిషన్‌లాల్ నడిపిస్తాడని చెబుతారు. జోకు పేలనిచోట, ఎవరో ఎప్పుడో నవ్విన మొహాన్ని తెచ్చి అతికించడం అతని ఉద్యోగం. ఎడిటర్ అంటారు.

జూలూరుపాడు ఫొటో స్టూడియోలో పెళ్ళి వీడియోలు చేసే రోజుల్లోనే అతనికి ఈ విద్య పట్టుబడింది. కూర బాగాలేదని వియ్యంకుడు మొహం మాడ్చుకున్నచోట, వేరే పెళ్ళిలో నవ్విన ఒక ముసలాయన్ని పెట్టేవాడు. ఆ ముసలాయన చనిపోయాక కూడా మా మండలంలో చాలా పెళ్ళిళ్ళకు హాజరయ్యాడు.

హైదరాబాద్‌లో టీవీ పని దొరికాక, "రాష్ట్రాన్ని నవ్విస్తున్న" అని చెప్పుకొనేవాడు. అతను నవ్వగా మేమెవరమూ చూడలేదు.

ఒకసారి బిర్యానీ పెట్టిస్తానని తండా ఆడవాళ్ళను ప్రేక్షకులుగా బస్సులో తీసుకెళ్ళాడు. వేదిక మీద ఎవరూ లేరు.

"ఊకనే నవ్వుండ్రి. ముందుగాల మీ నవ్వులు తీసి పెట్టుకుంటం," అన్నాడు.

ఏమీ లేనిదానికి నవ్వాలంటే మాకు సిగ్గేసింది. నేను చున్నీ నోట్లో కుక్కుకున్నాను. అతని అక్క మంగ్లి మాత్రం తమ్ముడి మాట పోకూడదని పొట్ట పట్టుకొని నవ్వింది.

ఆ ఆదివారం కార్యక్రమంలో ఒక నటుడు అద్దాల రవిక తొడుక్కొని, మా ఆడవాళ్ళ యాసను వెక్కిరిస్తూ గెంతాడు. వెంటనే మంగ్లి నవ్వు. అతను మళ్ళీ గెంతాడు. మళ్ళీ మంగ్లి.

"బిర్యానీ పెడితే మనల్ని జూసి మనమే నవ్వుతమా, మంగ్లీ?" అంది ఆ రోజు బస్సెక్కని పక్కింటి బాలి.

"ఆడ ఎవ్వడు లేడు బాలీ. ఉత్త గోడను జూసి నవ్విన."

"గోడకు గంత నవ్వొస్తదా?" వెళ్ళొచ్చినవాళ్ళం చెప్పినా బాలి నమ్మలేదు.

బాలి కూతురు సరళ పెళ్ళి దగ్గరపడింది. మా పెళ్ళిళ్ళలో అత్తవారింటికి వెళ్ళేముందు పెళ్ళికూతురు ఒక్కొక్కరి మెడ పట్టుకొని ఏడుస్తూ పాడుతుంది. పక్కన నిలబడి ఆ పాట అందించేది ఎప్పుడూ మంగ్లే. తండాలో ఆమెకున్న గౌరవమంతా అదే.

"ఈసారి నీ పాట వద్దు, నువ్వు కూసో," అంది బాలి.

మంగ్లి తమ్ముడికి ఫోన్ చేసింది. "వచ్చి నిజం చెప్పు తమ్మీ."

"అది రియాక్షన్ షాట్ అక్కా, గంతే. టైమింగ్ మస్తు కుదిరింది. సరే, పెళ్ళి వీడియో నేనే వచ్చి తీస్త."

వచ్చాడు. స్టాండు మీద కెమెరా పెట్టాడు, నిజం మాత్రం చెప్పలేదు. సాగనంపే వేళ సరళ తల్లి మెడ పట్టుకొని పాట మొదలుపెట్టింది. అందించేవాళ్ళు లేక తడబడుతూనే ఏడ్చింది.

"సరళా, ఇంకొక్కసారి ఏడువు. మీ అమ్మ మొహానికి నీ చెయ్యి అడ్డమొచ్చింది," అన్నాడు కిషన్‌లాల్.

అందరూ బిత్తరపోయారు. వెనక నిలబడ్డ మంగ్లి నేరుగా వచ్చి తమ్ముడి మెడ వాటేసుకొని, అదే ఏడుపు రాగం ఎత్తుకుంది.

"ఓ నా తమ్ముడా, ఉత్త గోడను జూపి నన్ను నవ్వమంటివి,
ఆ గోడకే రవిక తొడిగి దేశమంత తిప్పితివి,
ఏడ్చిన పిల్లనే మళ్ళ ఏడువమంటివి,
రేపు నీ పెళ్ళాం ఇడిసి పోతే, మళ్ళొచ్చి పొమ్మంటవా?"

ముందు సరళ కన్నీళ్ళతోనే కిసుక్కుమంది. తర్వాత బాలి. ఆ తర్వాత పందిరంతా. కిషన్‌లాల్ మెడ విడిపించుకోవాలని చూశాడు. రెండో చరణం అయ్యేదాకా మంగ్లి వదల్లేదు. కెమెరా నడుస్తూనే ఉంది.

బాలి కళ్ళు తుడుచుకొని కూతుర్ని మంగ్లి వైపు నెట్టింది. "నవ్వింది సాలుగని, దీనికి పాట అందియ్యి."

కొన్నాళ్ళకు టీవీలో ఒక నటుడు అరటితొక్క మీద జారిపడ్డాడు. వెంటనే పగలబడి నవ్వుతూ బాలి, సరళ, పందిరి కింది జనమంతా. నోట్లో చున్నీ లేకుండా నేను కూడా. కిషన్‌లాల్ మంగ్లి పాటను కోసేసి నవ్వులు మాత్రం దాచుకున్నాడన్నమాట.

మంగ్లి ఫోన్ మోగింది. "చూసినవా అక్కా? జోకు ఎట్ల పేలిందో!"

"అవ్ తమ్మీ, మస్తు పేలింది," అంది మంగ్లి.

చుట్టూ కూర్చున్న మేమంతా చున్నీలు నోట్లో కుక్కుకున్నాం.